కొరియా సరిహద్దు కంచె దగ్గర కళనీ పక్షుల్నీ ఎలా చూడాలి

దక్షిణ కొరియా వెళ్లిన మనవాళ్లలో చాలామంది సియోల్ నుంచి ఒక పూట బస్సు టూర్‌లో డీఎంజెడ్, అంటే రెండు కొరియాల మధ్య ఖాళీగా ఉంచిన సరిహద్దు పట్టీ, చూసొస్తారు. ఉత్తర కొరియా రహస్యంగా తవ్విన సొరంగం, అబ్జర్వేటరీ, బైనాక్యులర్లలోంచి అవతలి కొండలు, ఓ కీచైను, తిరుగు ప్రయాణం. అందులో తప్పేం లేదు. కానీ అదే సరిహద్దు వెంట ప్రతి చలికాలం వేల సంఖ్యలో సారస పక్షులు దిగుతాయి. పాత సైనిక శిబిరాల్లో, పాడుబడ్డ స్టేషన్లలో, చిన్న చిన్న పల్లెల్లో పదేళ్లకు పైగా కళాకారులు పనిచేస్తున్నారు. హడావిడి టూర్‌లో ఈ రెండూ కనబడవు. వాటి కోసమే వెళ్లాలనుకునేవాళ్లు ఏం చేయాలో ఇక్కడ చెబుతాను. చదువుకోసమో ఉద్యోగానికో కొరియాలో ఉంటున్నవాళ్లకి ఇది ఇంకా తేలిక.

ముందు ఆ నేల ఎలా ఉంటుందో తెలుసుకోండి

1953 జులై 27న కొరియా యుద్ధం ఆగింది. కుదిరింది కాల్పుల విరమణే, శాంతి ఒప్పందం ఇప్పటికీ లేదు. ఆ రోజు ఖాయమైన విభజన రేఖకి ఉత్తరాన 2 కిలోమీటర్లు, దక్షిణాన 2 కిలోమీటర్లు ఖాళీగా వదిలేశారు. అదే డీఎంజెడ్. ఒక సముద్రం నుంచి ఇంకో సముద్రం దాకా దాదాపు 250 కిలోమీటర్లు ఉంటుంది. దానికి ఆనుకుని దక్షిణం వైపు ఇంకో పట్టీ ఉంది. అక్కడికి పౌరులు చెక్‌పోస్టు దాటి, అనుమతి మీదే వెళ్లాలి. లోపల వరి పొలాలు, కొన్ని ఊళ్లు, బోలెడన్ని సైనిక స్థావరాలు. మీరు చూడబోయేది చాలావరకు ఈ రెండో పట్టీలోనో, దాని అంచునో ఉంటుంది.

ఈ తేడా తెలియకపోతే పక్షుల సంగతి అర్థం కాదు. మనుషులు లేరు కాబట్టి పక్షులొచ్చాయని అందరూ చెప్పే మాట సగమే నిజం. సారసాలు రాత్రిపూట మనిషి అలికిడి లేని చోట, లోతు తక్కువ నీళ్లలో నిలబడి నిద్రపోతాయి. తెల్లారాక తిండికి రైతుల పొలాల్లోకే వస్తాయి. కోతల్లో రాలిన వడ్లు లేకపోతే ఇన్ని పక్షులకి ఇక్కడ చలికాలం గడవదు. కంచెతో పాటు పక్కనే సేద్యం కూడా సాగుతోంది కాబట్టే అవి ఇక్కడ ఉన్నాయి. మీ ప్రయాణం ప్లాన్ చేసుకునేటప్పుడు ఈ రైతుల్ని లెక్కలోంచి తీసేయొద్దు.

ఎప్పుడు, ఎక్కడికి

సరిహద్దు మొత్తం ఒక్క ప్రయాణంలో చూడాలనుకోకండి. కాలాన్ని బట్టి ఒకటి రెండు చోట్లు ఎంచుకోండి.

చలికాలమైతే చోర్వన్. అక్కడ పక్షులు, కళ, యుద్ధం మిగిల్చిన గోడలు మూడూ ఒకే మైదానంలో ఉంటాయి. నన్నడిగితే ఒక్క చోటే చూడగలిగినవాళ్లు అక్కడికే వెళ్లాలి. సియోల్‌కి దగ్గర్లో, ఏ కాలంలోనైనా, ఒక్క రోజులో అయిపోవాలంటే పాజు. మే నుంచి అక్టోబరు లోపు వెళ్లేవాళ్లకి తూర్పు కొండల్లోని యాంగ్గు, ఇంజే బాగుంటాయి. యాంగ్గులో చిత్రకారుడు పార్క్ సూగన్ పేరిట మ్యూజియం ఉంది. ఆయన 1914లో ఆ ఊళ్లోనే పుట్టారు. గరుకు రాతిపలక మీద గీసినట్టుండే ఆయన బొమ్మల్లో చెట్టు కింద ఆడవాళ్లు, బజార్లో కూర్చున్నవాళ్లు ఉంటారు. వాటిని చూసి చుట్టూ ఉన్న గ్రానైట్ కొండల్ని చూస్తే ఆ గరుకుదనం ఎక్కడి నుంచి వచ్చిందా అనే ఆలోచన దానంతటదే వస్తుంది. అక్కడికి దగ్గర్లోనే, దశాబ్దాల పాటు మూసి ఉంచి 2004లో తెరిచిన దుతాయొన్ జలపాతం ఉంది. ఇంజే వైపు కొండ మీద యోంగ్‌నప్ అనే చిత్తడి నేల ఉంది. ప్రపంచంలో కాపాడుకోవాల్సిన చిత్తడి నేలల రామ్‌సార్ జాబితాకి 1997లో కొరియా నుంచి ఎక్కిన మొదటి చోటు అదే. ముందే పేరు నమోదు చేసుకున్నవాళ్లని మాత్రమే పంపిస్తారు.

అనుమతులు, కాగితాలు

పాస్‌పోర్ట్ ఒరిజినల్ చేతిలో ఉండాలి. ఫోన్‌లో ఫొటో చూపిస్తే సరిపోతుందని అనుకోవద్దు. కొరియాలో ఉంటున్నవాళ్లు రెసిడెన్స్ కార్డు కూడా పెట్టుకోండి. చెక్‌పోస్టు లోపలికి వెళ్లే టూర్లకి నిర్ణీత సమయాలుంటాయి, రోజుకి ఇంతమందనే లెక్క ఉంటుంది. పాజులో సోమవారాలు సెలవు. బుక్ చేసేముందు మీరు భారతీయులని చెప్పి, ఫలానా దారిలో విదేశీయులకి అనుమతి ఉందో లేదో అడిగి తెలుసుకోండి. డబ్బు కట్టాక అడిగితే ఉపయోగం లేదు. ముఖ్యంగా రెండు వైపుల సైనికులూ ఎదురెదురుగా ఉండే పాన్‌మున్‌జోమ్ సంగతి. 2023 జులైలో ఒక అమెరికన్ సైనికుడు టూర్ మధ్యలో పరిగెత్తి ఉత్తరం వైపు దాటడంతో అక్కడి టూర్లు ఆపేశారు. అప్పటినుంచీ పరిస్థితి మారుతూనే ఉంది.

ఆఖరి నిమిషంలో గేటు మూసేయొచ్చని మనసులో పెట్టుకుని బయల్దేరండి. కారణం రాజకీయమే కానక్కర్లేదు. 2019 సెప్టెంబరులో పాజులో పందులకి ఆఫ్రికన్ స్వైన్ ఫీవర్ వచ్చినప్పుడు కూడా టూర్లు ఆగిపోయాయి. అందుకే ప్రతి రోజుకీ చెక్‌పోస్టు ఇవతల చూడదగ్గది ఒకటి రాసి పెట్టుకోండి. గేటు దగ్గర వెనక్కి పంపిస్తే వాదించొద్దు. అక్కడున్న కుర్రాళ్లు చాలామంది ఇరవై దాటీ దాటని వయసులో తప్పనిసరి సైనిక సేవలో ఉన్నవాళ్లు. నిర్ణయం వాళ్లది కాదు.

డ్రోన్ ఇంట్లోనే వదిలేయండి. సరిహద్దు వెంట ఆకాశం మొత్తం నిషిద్ధం. దారి చూసుకోవడానికి నేవర్ మ్యాప్ గానీ కకావో మ్యాప్ గానీ వేసుకోండి. కొరియాలో కారు దారి చూపడంలో గూగుల్ మ్యాప్స్‌ని నమ్ముకోలేం.

బయల్దేరేముందు సియోల్‌లో ఒక రోజు

సరిహద్దు మీద కొరియా కళాకారులు చేసిన పెద్ద పనుల్లో చాలావాటిని సరిహద్దు దగ్గర చూడలేం. అవి మ్యూజియాల్లో, విదేశీ ప్రదర్శనల్లో ఉంటాయి. నేషనల్ మ్యూజియం ఆఫ్ మోడర్న్ అండ్ కాంటెంపరరీ ఆర్ట్ సియోల్ శాఖలో ఆ సమయానికి ఏముందో చూడండి. ఏమీ లేకపోయినా ఈ మూడు పనుల గురించి తెలుసుకుని వెళితే అక్కడ చూపు మారుతుంది.

శిల్పి లీ బుల్ 2019లో ఇటలీలోని అంతర్జాతీయ కళా ప్రదర్శన వెనిస్ బినాలేకి ఒక టవర్ పంపారు. రెండు కొరియాల మధ్య 2018లో కుదిరిన సైనిక ఒప్పందం తర్వాత డీఎంజెడ్‌లో కూల్చేసిన గార్డు పోస్టుల ఇనుముతో చేసిన టవర్ అది. చోయ్ జేఉన్ అనే కళాకారిణి జపాన్ ఆర్కిటెక్ట్ షిగెరు బాన్‌తో కలిసి మందుపాతరల నేల మీద అడుగు పెట్టకుండా, వెదుళ్లతో పైనుంచి సాగే ఒక నడక దారిని ఊహించి నమూనా చేశారు. అది కట్టలేదు. కట్టకపోయినా, ఆ నేలని మనుషులు తాకకుండా చూడడం ఎలా అన్న ప్రశ్న అందులో ఉంది.

మూడోది నాకు బాగా నచ్చింది. హామ్ క్యంగా తన డిజైన్లని చైనాలోని మధ్యవర్తుల చేత ఉత్తర కొరియాలో ఎంబ్రాయిడరీ చేసే మహిళలకి పంపిస్తారు. కొన్ని తిరిగొస్తాయి, కొన్ని రావు. ఆ గుడ్డల పక్కన గోడ మీద, మామూలుగా ‘కాన్వాసుపై తైలవర్ణం’ అని రాసే చోట పట్టు దారంతో పాటు మధ్యవర్తి, లంచం, టెన్షన్, ఆందోళన, సెన్సార్‌షిప్ అని రాసుంటుంది. ఇన్ని గంటలు, ఇంతమంది అని కూడా ఉంటుంది. ఆ జాబితా ఒకసారి చదివితే, సరిహద్దు దగ్గర ఏ బొమ్మ కనిపించినా ఇది ఇక్కడిదాకా ఎవరి చేతుల మీదుగా వచ్చింది అనే ప్రశ్న మీ వెంటే వస్తుంది.

పాజులో ఒక రోజు

రైల్లో మున్‌సాన్ దాకా వెళ్లి, అక్కణ్నుంచి ఇమ్‌జిన్‌గాక్ చేరుకోండి. పార్కు బయటి భాగానికి ఏ అనుమతీ అక్కర్లేదు. పచ్చిక గుట్ట మీద వేల రంగుల గాలిమరలు, నేలలోంచి ఒక్కొక్కటిగా లేచి నడుస్తున్నట్టున్న వెదురు మనుషులు ఫొటోల్లో మీరు చూసే ఉంటారు. వాటి దగ్గర ఎంతసేపైనా ఉండండి, కానీ అంతటితో ఆగిపోకండి.

అక్కడొక పాత ఆవిరి ఇంజను ఉంది. యుద్ధంలో జాంగ్‌దాన్ స్టేషన్ దగ్గర ఆగిపోయి, దశాబ్దాలు డీఎంజెడ్‌లో తుప్పు పట్టిపోయింది. దానికి వెయ్యికి పైగా తూటా రంధ్రాలున్నాయి. బోర్డు చదివి కదలకుండా, పక్కనున్న మల్బరీ చెట్టుని కూడా చూడండి. అది ఆ ఇంజను మీదే మొలిచిన చెట్టు. ఇంజనుని బాగుచేసి ఇక్కడికి తెచ్చినప్పుడు దాన్నీ తెచ్చి పక్కన నాటారు. ఇనుము మీద ఏ మట్టి పేరుకుంటే అది వేరూనిందో ఆలోచిస్తూ రెంటినీ కలిపి ఒక కాగితం మీద గీయండి. బొమ్మలు రాకపోయినా పర్లేదు. గీస్తే కంటికి పని పడుతుంది.

నది మీదుగా గొండోలా (తీగ మీద సాగే కేబుల్ కారు) ఎక్కి అవతలకి వెళితే క్యాంప్ గ్రీవ్స్ వస్తుంది. దీనికి ఒక ఫారం నింపాలి. అమెరికన్ సైన్యం యాభై ఏళ్లు వాడి, 2007లో తిరిగిచ్చేసిన శిబిరం అది. మందుగుండు దాచిన గదుల్లో ఇప్పుడు కళా ప్రదర్శనలు పెడుతున్నారు. లోపల బొమ్మని చూశాక తలుపు మందాన్నీ, గోడ మందాన్నీ కూడా చూడండి. ఆ గది దేనికి కట్టారో గోడే చెబుతుంది.

ఇమ్‌జిన్‌గాక్‌లోనే ఉత్తరం వైపు తిరిగి ఉండే ఒక పూజా వేదిక ఉంది. ఉత్తరాన సొంత ఊళ్లు, అయినవాళ్లు ఉండిపోయిన కుటుంబాలు పండగలకి అక్కడికొచ్చి నమస్కారం చేసుకుంటాయి. కంచెకి రిబ్బన్లు కడతాయి. ఎవరైనా ముసలివాళ్లు అక్కడ ఉంటే సెల్ఫీలు ఆపేయండి.

మనకి సంబంధించిన చరిత్ర కూడా ఈ చుట్టుపక్కల ఉంది. 1953లో సొంత దేశానికి తిరిగి వెళ్లబోమన్న యుద్ధఖైదీలు వేల సంఖ్యలో మిగిలిపోతే, వాళ్ల బాధ్యత భారత సైన్యం తీసుకుంది. తటస్థ దేశాల కమిషన్‌కి జనరల్ తిమ్మయ్య అధ్యక్షులు, కాపలా దళానికి మేజర్ జనరల్ థోరాట్ నాయకుడు. డీఎంజెడ్ పుట్టిన మొదటి చలికాలం మన జవాన్లు ఆ పట్టీలోనే, హింద్ నగర్ అని పేరు పెట్టుకున్న శిబిరంలో గడిపారు. సియోల్ దాకా వెళ్లే మనవాళ్లలో ఈ సంగతి తెలిసినవాళ్లు చాలా తక్కువ.

చోర్వన్‌లో రెండు రోజులు

ఒక్క రోజులో వెళ్లి రావొచ్చుగా అనిపిస్తుంది. వద్దు. పక్షులు కనిపించే మంచి సమయం పొద్దున్నే, మళ్లీ సాయంత్రం. సియోల్ తూర్పు బస్ టెర్మినల్ నుంచి డోంగ్‌సాంగ్‌కి బస్సులున్నాయి, సుమారు రెండు గంటలు పడుతుంది. రాత్రికి అక్కడే ఉండండి.

మొదటి మధ్యాహ్నం లేబర్ పార్టీ భవనం దగ్గర మొదలుపెట్టండి. యుద్ధానికి ముందు చోర్వన్ ఉత్తర కొరియా కింద ఉండేది. 1946లో అక్కడి పార్టీ కట్టిన మూడంతస్తుల భవనం ఇది. ఇప్పుడు గోడలే మిగిలాయి, వాటినిండా తూటాల గుంటలు. మెట్ల మీద ట్యాంకు చక్రాలు నూరిన గుర్తులున్నాయి. ఎదురుగా ఉన్న సోయిసాన్ గుట్టకి మోనోరైలు ఉన్నా, కాళ్లు బాగుంటే కిందనున్న దారిలో కాసేపు నడవండి. ఒక పక్క కంచె, కంచెకి మందుపాతరలున్నాయని చెప్పే ఎర్రటి తలకిందుల త్రికోణాలు, వెనకాల దశాబ్దాలుగా ఎవరూ నరకని అడవి. పైకెక్కితే చోర్వన్ మైదానం మొత్తం కనిపిస్తుంది. పాత లావా పరుచుకుని ఏర్పడిన నేల అది. మర్నాడు పక్షుల్ని ఎక్కడెక్కడ వెతకాలో పైనుంచే చూసి గుర్తుపెట్టుకోండి.

సరిహద్దు మీద కళాకారుల చేత పని చేయించి ప్రదర్శించే రియల్ డీఎంజెడ్ ప్రాజెక్టుని 2012లో క్యురేటర్ (ప్రదర్శనల రూపకర్త) కిమ్ సన్‌జంగ్ మొదలుపెట్టింది ఇక్కడే. అప్పట్లో టూరిస్టు బస్సు ఆగే సొరంగం, అబ్జర్వేటరీ, వొల్‌జాంగ్‌రి స్టేషన్లలోనే కళాకృతులు పెట్టారు. తర్వాత పద్ధతి మారింది. కళాకారులు యాంగ్‌జీరి పల్లెలో ఒక ఇంట్లో ఉండి పనిచేయడం, డోంగ్‌సాంగ్ ఊరి మధ్యలో ప్రదర్శన పెట్టడం మొదలైంది. ఈ మార్పే నాకు ముఖ్యమనిపిస్తుంది. కంచెని చూసి వెళ్లిపోయేవాడు కంచె బొమ్మే వేస్తాడు. ఆ ఊళ్లో ఉన్నవాడికి చెక్‌పోస్టు దాటి పొలానికెళ్లే రైతు కనిపిస్తాడు. అప్పటి ప్రదర్శనలు శాశ్వతంగా ఉండవు కాబట్టి వెళ్లేముందు ఆ ఏడాది ఏమైనా ఉందేమో చూసుకోండి. ఏం లేకపోయినా వొల్‌జాంగ్‌రి దగ్గర తుప్పు పట్టి పడి ఉన్న రైలు అస్థిపంజరం దగ్గర పది నిమిషాలు నిలబడండి.

రెండో రోజు పక్షులది. యాంగ్‌జీరిలో పాత బడి భవనాన్ని దురుమి పీస్ టౌన్‌గా మార్చారు. చలికాలంలో అక్కణ్నుంచి టూర్లుంటాయి. దురుమి అంటే మనం చూడబోయే సారసం. 500 వాన్ నాణెం మీద ఎగురుతున్నది అదే. సులువుగా గుర్తుపట్టొచ్చు: మనిషి ఛాతీదాకా వచ్చే ఎత్తు, ఒళ్లంతా తెలుపు, మెడ నలుపు, నడినెత్తిన ఎర్రటి చర్మం. తోకలా కనిపించే నల్లటి ఈకలు నిజానికి మడిచిన రెక్కలవి. దాంతోపాటే బూడిదరంగు ఒళ్లు, తెల్లటి మెడ వెనక భాగం, కంటి చుట్టూ ఎరుపు ఉన్న ఇంకో రకం సారసం, జేదురుమి, తిరుగుతుంది. చోర్వన్‌లో దాని సంఖ్యే ఎక్కువ. మొదట్లో రెండూ కలగలిసిపోయినట్టుంటాయి, అరగంటలో అలవాటవుతుంది.

మందని చూసి లెక్కపెట్టడం మానేసి ఒక్క కుటుంబాన్ని ఎంచుకోండి. రెండు పెద్దవి, మధ్యలో ఒకటో రెండో పిల్లలు. పిల్లల మెడ దాల్చినచెక్క రంగులో ఉంటుంది. పిల్ల దుబ్బుల మధ్య ముక్కుతో పొడుస్తూ ముందుకి వెళుతుంటే తల్లిదండ్రుల్లో ఒకటి తల ఎత్తి నిలబడుతుంది. కాసేపటికి అది తల దించితే రెండోది ఎత్తుతుంది. జంట కలిసి కూసే కూత వినబడితే బైనాక్యులర్లు దించేసి చెవి పెట్టండి. మగది ఒకసారి కూస్తే ఆడది రెండుసార్లు, అంతకంటే ఎక్కువ కూడా కూస్తుంది. గడ్డకట్టిన పొలాల మీద ఆ కూత చాలా దూరం పోతుంది.

మీరు ఎంత దగ్గరికి వెళ్లొచ్చో పక్షులే చెబుతాయి. ఒక్కటి తల ఎత్తితే మామూలే. అన్నీ ఒకేసారి ఎత్తాయంటే అక్కడే ఆగిపోండి. మెడలు ముందుకి వంచి అన్నీ ఒకే దిక్కుకి తిరిగాయంటే ఎగరబోతున్నాయి, మీరు అప్పటికే హద్దు దాటేశారు. మైనస్ పదిహేను డిగ్రీల్లో ఒక్కసారి అనవసరంగా ఎగిరినా దానికి ఖర్చయ్యేది పొద్దుటినుంచి తిన్న తిండి. కార్లో ఉంటే దిగొద్దు. కారుని అవి పెద్దగా పట్టించుకోవు, తలుపు తీసి మనిషి దిగితే లేచిపోతాయి. ఫొటో కోసం చప్పట్లు కొట్టేవాళ్లు, హారన్ వేసేవాళ్లు కనబడితే గైడ్‌తో చెప్పండి. దీంట్లో మొహమాటం అక్కర్లేదు.

దగ్గర్నుంచి, వెచ్చగా చూడాలంటే హన్‌తాన్ నది ఒడ్డున ఈగిల్‌రి దగ్గర పక్షుల్ని చూడ్డానికే కట్టిన గది ఉంది. చలి విషయంలో ధైర్యం చేయకండి. మనవైపు స్వెటర్లు దేనికీ పనికిరావు. లోపల రెండు పొరలు, పైన గాలి దూరని కోటు, రెండు జతల సాక్స్, వేళ్లు విడిగా తీసుకోగలిగే గ్లవ్స్ కావాలి. రంగులు మట్టి రంగులైతే మంచిది. బైనాక్యులర్లు 8×42 చాలు. ఫోన్, కెమెరా బ్యాటరీలు చలికి త్వరగా అయిపోతాయి, అదనపువి లోపలి జేబులో ఒంటికి ఆనించి పెట్టుకోండి. శాకాహారులు టిఫిన్ కట్టుకెళ్లడం నయం. చెక్‌పోస్టు లోపల హోటళ్లు తక్కువ, మాంసం వేయని కూరలో కూడా చేపల సాస్ ఉంటుంది. పులిహోర చల్లారినా బాగానే ఉంటుంది.

దారి దిగొద్దు

మందుపాతరల విషయంలో రాజీ లేదు. లక్షల సంఖ్యలో పాతిపెట్టినవి ఇంకా నేలలో ఉన్నాయి. వరదలకి కొట్టుకొచ్చి నది ఒడ్డున, పొలంగట్ల మీద తేలుతుంటాయి కూడా. ఎర్ర త్రికోణం ఉన్న చోటే ప్రమాదమనుకోకండి. తారు రోడ్డు, కంచె వేసిన నడక దారి తప్ప ఇంకెక్కడా కాలు పెట్టొద్దు, మూత్రానికైనా సరే. పువ్వు కోసమో ఈక కోసమో వంగొద్దు. పిల్లల చెయ్యి వదలొద్దు.

సైనికుల్ని, గార్డు పోస్టుల్ని, చెక్‌పోస్టుల్ని ఫొటో తీయకండి. నోట్‌బుక్‌లో గీసేటప్పుడు కూడా గైడ్‌ని ఒక మాట అడగండి, గుట్టల మీది కట్టడాల్ని వదిలేసి పొలాన్నీ పక్షినీ గీసుకోండి.

ఖర్చు పెట్టేది అక్కడే పెట్టండి

పక్షుల కోసం వచ్చే మనం ఊరివాళ్లకి ఏం ఇస్తున్నామన్నది చిన్న విషయం కాదు. వరిగడ్డిని పశువుల మేతకి చుట్టలు చుట్టి అమ్మేస్తే పొలంలో గింజ మిగలదు. అలా చుట్టకుండా వదిలేసిన రైతుకి ప్రభుత్వం కొంత డబ్బిస్తుంది. అయినా చెక్‌పోస్టు లోపలి పట్టీలో భూమి ఉన్నవాళ్ల ఇబ్బందులు తీరేవి కావు: ఇల్లు కట్టాలంటే అనుమతి, పొలానికెళ్లాలంటే అనుమతి. గ్రీన్‌హౌసులు వేసుకుంటామని, పౌరుల్ని ఆపే ఆ నియంత్రణ రేఖని ఇంకా ఉత్తరానికి జరపమని వాళ్లు అడిగితే వాళ్లని పక్షుల శత్రువులన్నట్టు మాట్లాడకండి. ఊళ్లోనే బస చేయండి, ఊళ్లోనే తినండి. చోర్వన్‌లో పండే ఓదే బియ్యం కొరియా అంతా పేరున్నది, పొట్టిగింజ. ఓ చిన్న సంచి కొని ఇంటికి తెచ్చుకోండి. ముద్దగా అవుతుంది కాబట్టి పెరుగన్నానికి బాగుంటుంది.

తేదీల సంగతి. పక్షులు అక్టోబరు చివర్నుంచి రావడం మొదలుపెడతాయి, మార్చికల్లా వెళ్లిపోతాయి. డిసెంబరు మధ్య నుంచి ఫిబ్రవరి మొదటి వారం దాకా నిండుగా ఉంటాయి. ఇండియా నుంచి వెళ్లేవాళ్లకి సంక్రాంతి సెలవులు సరిగ్గా సరిపోతాయి. వీసా తప్పనిసరి కాబట్టి దసరా అయ్యేసరికి కాగితాలు మొదలుపెట్టండి. కొరియా వాళ్ల కొత్త సంవత్సరం సొల్లాల్ జనవరి చివర్లో గానీ ఫిబ్రవరిలో గానీ వస్తుంది. ఆ మూడు రోజులూ బస్సు టికెట్లు దొరకవు, టూర్లు కూడా మూసే అవకాశముంది. ముందు ఆ తేదీ చూసుకుని, దానికి అటో ఇటో ఒక వారం వదిలి బుక్ చేసుకోండి.